ఎవరి నిదానంతో మొదలుపెట్టాలి?

ఆఫీసులో నా పక్క సీటు కుర్రాడు ఒకరోజు టీ తాగుతూ అడిగాడు. “అన్నా, నువ్వు ఎప్పుడూ ఏవో అవార్డు సినిమాలు చూస్తుంటావు కదా. నాకూ ఒకటి చెప్పు, ఈ వీకెండ్ చూస్తా.” వెనకాముందు ఆలోచించకుండా ‘ది డిసైపుల్’ చూడమన్నాను. నాకు బాగా నచ్చిన సినిమా కదా, ఎవరికైనా నచ్చుతుందిలే అనుకున్నాను. సోమవారం వచ్చి, “ఇరవై నిమిషాలు చూశానన్నా. పెద్దాయన పాడుతూనే ఉన్నాడు, శిష్యుడు వెనకాల కూర్చుని తంబురా మీటుతూనే ఉన్నాడు. ఫుల్ ల్యాగ్,” అన్నాడు.

తప్పు నాదే. ఈత రానివాణ్ణి తీసుకెళ్లి బావిలో సరిగ్గా లోతున్న చోట దింపాను. నిదానంగా నడిచే సినిమాలు కొత్తగా మొదలుపెట్టే మీ విషయంలో అలాంటి పొరపాటు జరగకుండా ఈ నాలుగు మాటలు.

ముందు ఆ ల్యాగ్ సంగతి. మన థియేటర్లలో ఆ మాటకు ఒక లెక్క ఉంది. ఫైటు వస్తుందనుకున్న చోట పాట వస్తే ల్యాగ్. విలన్ ఎవరో మనకు తెలిసిపోయాక హీరోకి తెలియడానికి ఇంకో అరగంట పడితే ల్యాగ్. ఒక వేగంతో వెళతానని సినిమా మనకు మాటిచ్చి తప్పిందన్నమాట. ఆ కోపం న్యాయమైనదే. నేను చెప్పబోయే సినిమాలు అసలా మాటే ఇవ్వవు. మొదటి షాట్లోనే ‘ఇక్కడ కాసేపు కూర్చుందాం’ అంటాయి. కూర్చోవడం ఇష్టం లేకపోతే లేచిపోవచ్చు, అందులో నామోషీ ఏమీ లేదు. కొందరు వీటిని ధ్యానం లాంటి సినిమాలంటారు. నాకా పోలిక నచ్చదు. ధ్యానంలో కళ్లు మూసుకుంటాం, ఇక్కడ మూశామంటే సినిమా పోయినట్టే. (నేను మూసిన రోజులూ ఉన్నాయి. రాత్రి పదకొండుకు మొదలుపెడితే అంతే మరి.)

ఈ తరహాలో గత పదేళ్ల పైచిలుకు కాలంలో పైకొచ్చిన స్వతంత్ర దర్శకుల్లో నలుగురిని తీసుకుంటాను. మదురై వైపు నుంచి పి.ఎస్. వినోద్‌రాజ్. ముంబై నుంచి పాయల్ కపాడియా, చైతన్య తమ్హానే. బీహార్‌లోని దర్భంగా నుంచి అచల్ మిశ్రా. ఒక్కొక్కరివి ముఖ్యంగా చూడాల్సినవి రెండేసి సినిమాలు. నాలుగు వీకెండ్లు కేటాయిస్తే నలుగురి పనీ చూసేయొచ్చు. పెద్ద దర్శకుల జోలికి వెళితే ఆ సుఖం ఉండదు.

అవార్డులు చూసి ఎంచుకుందామంటే కుదరదు. ఒకరికి రోటర్‌డ్యామ్, ఒకరికి కాన్, ఒకరికి వెనిస్, ఇంకొకరికి ముంబై ఫెస్టివల్. అందరూ ఫస్ట్ క్లాసే. కాబట్టి నేను వేరే కొలత వాడతాను. ప్రతి మనిషికీ ఎక్కడో ఒక చోట ఓపిక ఉంటుంది. పంజాగుట్ట సిగ్నల్ దగ్గర పది సెకన్లు ఆగలేనివాడు చెరువు గట్టు మీద గాలం వేసుకుని పొద్దంతా కూర్చుంటాడు. రీల్స్ తప్ప ఏమీ చూడనని చెప్పే అమ్మాయి అమ్మమ్మ చెప్పే పాత కబుర్లు రెండు గంటలు వింటుంది. మీ ఓపిక ఎక్కడుందో చూసుకుని అటువైపున్న సినిమా పట్టుకోండి.

నడక అలవాటున్నవాళ్లకు: వినోద్‌రాజ్

ఇప్పుడెవరైనా అడిగితే నేను మొదట చెప్పేది ఇతని ‘కూళాంగల్’. తమిళంలో గులకరాయి అని. 2021లో రోటర్‌డ్యామ్ ఫెస్టివల్‌లో అక్కడి అతిపెద్ద బహుమతి టైగర్ అవార్డు గెలిచింది, ఆ ఏడాది ఆస్కార్‌కు మన దేశం పంపిన సినిమా కూడా ఇదే. నిడివి 75 నిమిషాలు. మన మామూలు సినిమాలో ఇంటర్వెల్ పడే వేళకు ఇది అయిపోతుంది.

కథ ఒక్క వాక్యంలో చెప్పొచ్చు. తాగుబోతు తండ్రి స్కూల్లో ఉన్న కొడుకును లాక్కుని, పుట్టింటికి వెళ్లిపోయిన భార్యను తీసుకురావడానికి బస్సెక్కుతాడు, తిరిగి వచ్చేటప్పుడు నడవాల్సి వస్తుంది. అంతే. బస్సు డబ్బులు ఎందుకు లేకుండా పోయాయో, ఆ పని ఎవరు చేశారో సినిమాలో చూడండి, పిల్లాడి మీద మీకు గౌరవం పుడుతుంది. ఇక అక్కణ్ణుంచి ఎర్రమట్టి, బండలు, ఎండ, ఇద్దరు మనుషులు. తండ్రి ముందు, కొడుకు వెనక. కొన్నిసార్లు కొడుకు ముందు, తండ్రి వెనక. ఆ ఇద్దరి మధ్య దూరం పెరిగినా తగ్గినా అది కథలో మలుపే. డైలాగు చెప్పాల్సిన పనిని అక్కడ అడుగులు చేస్తాయి.

పాలమూరు వైపు మే నెలలో మెయిన్ రోడ్డు మీద బస్సు దిగి ఊళ్లోకి నడిచినవాళ్లకు ఈ సినిమా ఎవరూ వివరించనక్కర్లేదు. పిల్లాడు దాహం ఆపుకోవడానికి నోట్లో చిన్న రాయి పెట్టుకుంటాడు. ఆ షాటు చూస్తుంటే నా నాలుక దానంతటదే కదిలింది. ఇంత పని చేయించడానికి ఎంత సంగీతం కావాలి, ఎన్ని కన్నీళ్లు కావాలి మామూలుగా!

దీని వెనక నిజంగా జరిగిన నడక ఒకటుంది. దర్శకుడి సోదరిని అత్తింటివాళ్లు వెళ్లగొడితే ఆమె బిడ్డనెత్తుకుని 13 కిలోమీటర్లు నడిచి పుట్టింటికి చేరింది. అతను సినిమా తీసేటప్పుడు ఆ నడకను మగవాడి కాళ్లకు తగిలించాడు. వినోద్‌రాజ్ స్వయంగా చిన్నతనంలోనే కూలి పనులు చేసినవాడు, తర్వాత చెన్నైలో డీవీడీల షాపులో పనిచేస్తూ దేశదేశాల సినిమాలు చూసినవాడు. అందుకేనేమో, అతని సినిమాలో పేదరికం జాలి కోసం నిలబడి చేయి చాపదు. దాని పని అది చేసుకుపోతుంటుంది.

రెండో సినిమా ‘కొట్టుక్కాళి’ 2024లో వచ్చింది. ఇందులో నడకకు బదులు ఆటో. వేరే కులం అబ్బాయిని ఇష్టపడిన అమ్మాయికి గాలి సోకిందని ఇంటివాళ్లు సోదె చెప్పే పూజారి దగ్గరికి తీసుకెళుతుంటారు. ఆటోలో ఆ అమ్మాయి, బలివ్వడానికి కట్టేసిన కోడిపుంజు, వెనకాల బైకుల మీద మగవాళ్లు. అన్నా బెన్ చేసిన ఆ పాత్ర దాదాపు సినిమా అంతా నోరు విప్పదు. తమిళ నటుడు సూరిని కామెడీ పాత్రల్లో చూసినవాళ్లు ఇందులో అతని గొంతు జీర వింటే ఉలిక్కిపడతారు. నేపథ్య సంగీతం అసలు లేదు. ఆటో ఇంజను శబ్దం, గాలి, పుంజు రెక్కల టపటప. నా లెక్కలో ఇది మొదటిదానికన్నా పదునైనది, కానీ మొదట చూడాల్సింది కాదు. ఇది ముగియకుండా ముగుస్తుంది. కొత్తవాళ్లు ‘ఇంతేనా?’ అంటారు.

రెండింటికీ ఒకటే హెచ్చరిక. బూతులుంటాయి, ఆడవాళ్లను కొట్టే దృశ్యాలుంటాయి. ఇంటి హాల్లో అందరితో కలిసి కూర్చుని పెట్టుకునేవి కావు.

ఊరు వదిలి సిటీకి వచ్చినవాళ్లకు: పాయల్ కపాడియా

‘ఆల్ వి ఇమాజిన్ యాజ్ లైట్’ పేరు మీరు వినే ఉంటారు. 2024 కాన్ ఫెస్టివల్‌లో గ్రాండ్ ప్రి గెలిచింది, అంటే అక్కడ రెండో అతిపెద్ద బహుమతి. ఆ ప్రధాన పోటీలోకి మన దేశపు సినిమా ఒకటి వెళ్లడమే 30 ఏళ్ల తర్వాత. దేశంలో విడుదల చేసింది మన రానా దగ్గుబాటి సంస్థ స్పిరిట్ మీడియా. ఇంకో చిన్న బంధుత్వం కూడా కలుపుకోవచ్చు. పాయల్ చదువుకున్నది మదనపల్లె దగ్గరి రిషి వ్యాలీ స్కూల్లో.

ముంబైలో పనిచేసే ఇద్దరు మలయాళీ నర్సులు, ఒకే గదిలో ఉంటారు. పెద్దావిడ ప్రభ. భర్త పెళ్లయ్యాక జర్మనీ వెళ్లాడు, ఫోన్లు ఆగిపోయాయి. ఒకరోజు అక్కణ్ణుంచి పేరు లేకుండా ఒక రైస్ కుక్కర్ పార్సిల్లో వస్తుంది. చిన్నమ్మాయి అను. ఆమెకు ఒక ముస్లిం అబ్బాయితో ప్రేమ, కలుసుకోవడానికి చోటు లేదు. అదే ఆసుపత్రిలో వంట చేసే పార్వతికి ఇంటి కాగితాలు లేవు, బిల్డర్ ఖాళీ చేయమంటున్నాడు. మొదటి భాగమంతా వాన, రైళ్లు, నీలం రంగు రాత్రులు. తర్వాత ముగ్గురూ రత్నగిరి వైపు పార్వతి సొంతూరికి వెళతారు, సినిమా ఒక్కసారిగా ఊపిరి పీల్చుకుంటుంది.

నేను దీన్ని మార్నింగ్ షోలో చూశాను. హాల్లో ఇరవై మందిమి ఉంటాం. ఇంటర్వెల్లో లైట్లు వేసి, వెంటనే చెవులు పగిలేలా సమోసా కాంబో యాడ్ పెట్టారు. ఇలాంటి సినిమాకు అంతకంటే ద్రోహం ఉండదు. అయినా బయటికొచ్చి మెట్రో ఎక్కాక, ఎదురుగా కూర్చుని నిద్రపోతున్న అమ్మాయి ఐడీ కార్డు తాడు చూసి, ఈమె ఏ హాస్టల్లో ఉంటుందో, గదిలో ఎవరుంటారో అని ఆలోచిస్తూ కూర్చున్నాను. నా స్టేషన్ దాటిపోయింది.

ఎస్సార్ నగర్, అమీర్‌పేట హాస్టళ్ల వీధుల్లో రాత్రి తొమ్మిది దాటాక నడిచి చూడండి. మెట్ల మీద కూర్చుని, చేయి అడ్డం పెట్టుకుని ఫోన్లో గుసగుసగా మాట్లాడే అమ్మాయిలు కనిపిస్తారు. ఇందిరా పార్కు బెంచీల మీద గొడుగు చాటు జంటలు కనిపిస్తారు. పాయల్ కెమెరా ఉండేది ఆ దూరంలోనే. మరీ మీద పడదు, మరీ పక్కకు తప్పుకోదు. సినిమా మొదట్లో ముంబైకి బతకడానికి వచ్చినవాళ్ల గొంతులు వినిపిస్తాయి, ముఖాలు తెలియవు. డాక్యుమెంటరీ నుంచి వచ్చిన అలవాటది. ఆమె అంతకుముందు తీసిన ‘ఎ నైట్ ఆఫ్ నోయింగ్ నథింగ్’ (2021) డాక్యుమెంటరీయే, పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ విద్యార్థుల సమ్మె నేపథ్యంలో ఒక అమ్మాయి రాసిన ప్రేమలేఖల మీదుగా నడుస్తుంది. దాన్ని రెండోదిగా చూడండి. మొదట చూస్తే ఏది నిజమో ఏది కల్పితమో తేల్చుకోవడంతోనే సరిపోతుంది.

వినోద్‌రాజ్‌తో పోలిస్తే పాయల్ మెత్తన. అతని సినిమాలో ఎండ మన మెడ మీద పడుతుంది, ఆమె సినిమాలో వాన కిటికీ బయట పడుతుంది. ఆమె సంగీతం వాడుతుంది కూడా. ఇథియోపియాకు చెందిన సన్యాసిని ఎమహోయ్ వాయించిన పియానో ఇందులో వినిపిస్తుంది, చినుకులు ఆగి ఆగి పడుతున్నట్టుంటుంది. నిదానం అంటే భయపడే వాళ్లకు ఆ పియానో చేయి పట్టుకుని నడిపిస్తుంది. కాకపోతే చివరి అరగంటలో ఒక చోట కలా నిజమా అన్నట్టు కథ తిరుగుతుంది. అక్కడ కొందరు జారిపోతారు. నాతో వచ్చిన మిత్రుడు జారిపోయాడు. నాకు మాత్రం సినిమా మొత్తంలో అదే గొప్ప ఘట్టం, ఇప్పటికీ మా ఇద్దరికీ దాని మీద గొడవే.

సంక్రాంతికి ఊరెళ్లేవాళ్లకు: అచల్ మిశ్రా

ఇతని ‘గామక్ ఘర్’ (2019)లో హీరో ఒక ఇల్లు. మైథిలీ భాషలో ఊరి ఇల్లు అని అర్థం. దర్శకుడి తాతల ఇల్లే అది, దర్భంగా దగ్గర మాధోపూర్‌లో. 1998, 2010, 2019 అని మూడు భాగాలు. మొదటి భాగంలో ఇంటి నిండా జనం: అరుగు మీద పేకాట, వంటింట్లో ఆడవాళ్లు, తోటలో పిల్లలు. రెండోదానికి జనం పలచబడతారు. మూడోదానికి ఇల్లే మిగులుతుంది, అది కూడా ఎంతో కాలం కాదు. మొదటి భాగంలో తెర పాత ఫోటోలా చదరానికి దగ్గరగా ఉండి, ఇల్లు ఖాళీ అవుతున్న కొద్దీ వెడల్పవుతుంది. మనుషులు తగ్గినప్పుడు గది పెద్దదిగా కనిపించడం మనకు తెలిసిందే కదా, దాన్ని తెర ఆకారంలో చూపించాడు. ఈ సినిమా తీసేనాటికి అతనికి పాతికేళ్లు కూడా లేవు.

ఇందులో కథ ఉండదు. ఆ సంగతి ముందే చెప్పేస్తున్నాను. ఎవరూ ఎవరినీ మోసం చేయరు, ఆస్తి తగాదా పెరిగి కర్రలు లేవవు. కెమెరా కదలదు. తలుపు చట్రంలోంచి గది, గదిలోంచి వాకిలి, వాకిలి అవతల చెట్టు. సినిమాలంటే కథే అనుకునే వాళ్లకు ఇది మొదటి రోజు పనికిరాదు. కానీ మా అమ్మ సినిమాలు పెద్దగా చూడదు, ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్ చదవలేదు, అయినా నేను చూస్తుంటే వచ్చి పక్కన కూర్చుని చివరిదాకా లేవలేదు. మధ్యలో ఒక్కసారి, “ఆ మూల గదిలో వడ్లు పోసుకునేవాళ్లేమో రా,” అంది. మా ఊరి ఇంటి గురించి మాట్లాడుతోందని అర్థం కావడానికి నాకు కాసేపు పట్టింది.

పండక్కి ఊరెళ్లి, తాళం తీసి, దుమ్ము దులిపి, మూడో రోజుకే మళ్లీ తాళం వేసి హైదరాబాద్ బస్సెక్కే వాళ్లు మనలో లక్షల మంది. వాళ్లకు నా సలహా: దీన్ని సంక్రాంతి సెలవులు అయిపోయి వెనక్కి వచ్చిన వారంలో చూడండి. మామూలు రోజుల్లో చూస్తే అందంగా ఉంది అంటారు. ఆ వారంలో చూస్తే ఏమీ అనలేరు.

అతని రెండో సినిమా ‘ధుఇన్’ (2022) ఇంకా చిన్నది, గంట కూడా ఉండదు. దర్భంగాలో నాటకాలు వేసుకుంటూ ముంబై వెళ్లి నటుడవ్వాలనుకునే కుర్రాడు, ఇంట్లో డబ్బుల ఇబ్బంది, చుట్టూ మంచు. కృష్ణానగర్‌లో ఆడిషన్ల కోసం తిరిగే తమ్ముళ్లెవరైనా ఇది చదువుతుంటే, మీరు మాత్రం గామక్ ఘర్ వదిలేసి నేరుగా దీనితోనే మొదలుపెట్టండి.

వాయిదాలకు అలవాటుపడినవాళ్లకు: తమ్హానే

ఇతను నలుగురిలో అందరికన్నా ముందొచ్చాడు. ‘కోర్ట్’ 2014లో వెనిస్‌లో కొత్త పోకడల సినిమాల కోసం పెట్టిన ఒరిజోంటి విభాగంలో ఉత్తమ చిత్రమైంది, తర్వాత మన జాతీయ ఉత్తమ చిత్రం కూడా. ఒక దళిత వృద్ధ గాయకుడి పాట విని ఒక పారిశుద్ధ్య కార్మికుడు ఆత్మహత్య చేసుకున్నాడని కేసు. కోర్టు సినిమా అనగానే మనకు లాయరు బల్ల గుద్దడం గుర్తొస్తుంది. ఇక్కడ ఎవరూ గొంతు పెంచరు. జడ్జి ఒక తేదీ చెబుతాడు, అందరూ లేస్తారు, తర్వాతి కేసు. నాంపల్లి కోర్టుల దగ్గర చెట్టు కింద ఫైలు పట్టుకుని కూర్చున్న అనుభవం మీకుంటే, ఆ నిదానం ఎక్కణ్ణుంచి వచ్చిందో ఒక్క నిమిషంలో పట్టేస్తారు. అన్యాయం ఎక్కడో రహస్యంగా జరగదు, వాయిదా రూపంలో పట్టపగలు జరుగుతుంది. కెమెరా దూరంగా, కదలకుండా, వెనక బెంచీలో కూర్చున్నవాడిలా చూస్తుంటుంది. పైగా నవ్వొస్తుంది కూడా. నలుగురిలో నవ్వించేది ఇతనొక్కడే.

‘ది డిసైపుల్’ (2020) హిందుస్తానీ సంగీతం నేర్చుకునే ఒక శిష్యుడి ఇరవై ఏళ్లు. కష్టపడితే పైకొస్తామని మన సినిమాలన్నీ చెబుతాయి. కష్టపడినా ఆ విద్య పూర్తిగా పట్టుబడకపోతే ఏమిటి అని ఈ సినిమా అడుగుతుంది. వెనిస్‌లో ఉత్తమ స్క్రీన్‌ప్లే దీనికే ఇచ్చారు. చిక్కడపల్లి త్యాగరాయ గానసభలో వెనక వరుసలు ఖాళీగా ఉన్న కచేరీ ఎప్పుడైనా విన్నవాళ్లు, ఎప్పుడో ఒక కళ మొదలుపెట్టి మధ్యలో వదిలేసినవాళ్లు దీన్ని తట్టుకోవడం కష్టం. నా అభిప్రాయంలో ఈ ఎనిమిదింటిలోకీ ఇదే పైది. అయినా ఎవరికీ మొదటిదిగా చెప్పకూడదని నేను చేతులు కాల్చుకుని నేర్చుకున్నాను.

మరి తెలుగులో?

ఈ ప్రశ్న వస్తుందని తెలుసు. కొత్తవాళ్లలో పూర్తిగా ఈ దారిన నడిచినవాళ్ల పేరు చెప్పడానికి నేను తడుముకుంటాను. వెంకటేష్ మహా ‘కేరాఫ్ కంచరపాలెం’ (2018) నాకు ప్రాణం, నటులు ఎక్కువ మంది ఆ ఊరి జనమే. కానీ అది మనల్ని నవ్విస్తూ, చివర్లో ముడి విప్పుతూ కథ చెప్పే సినిమా. పైన చెప్పిన నలుగురిలో ఎవరూ మీకు సరిపోరనిపిస్తే, మెట్టు కింద మెట్టుగా దాన్ని వాడుకోండి.

అసలైన మెట్టు మాత్రం పాతది. బి. నర్సింగరావు ‘దాసి’ (1988). నిజాం కాలపు తెలంగాణ గడీలో దాసిగా బతికే కమలాక్షి. అర్చన ఆ పాత్ర చేసి జాతీయ ఉత్తమ నటి అయింది. మొత్తం ఐదు జాతీయ అవార్డులొచ్చాయి, కళా దర్శకత్వానికి వచ్చింది మన చిత్రకారుడు తోట వైకుంఠానికి. గడీలో నీళ్లు తోడటం, ఊడవడం, దీపం ముట్టించడం, దొర పిలుపు కోసం చెవులు రిక్కించి ఉండటం. మాటలు తక్కువ. నేను చూసింది మసక ప్రింటులోనే, అయినా ఆ గడీ గోడల చల్లదనం తెలిసింది. ఎక్కణ్ణుంచో వచ్చిన పద్ధతి కాదిది, మన దగ్గరే ఉండింది అని నమ్మకం కుదరాలంటే ఇది చూడాలి. సబ్‌టైటిల్ గొడవ కూడా లేదు.

మరాఠీలో రోహన్ కనవడే ‘సాబర్ బోండ’ 2025లో అమెరికాలోని సన్‌డాన్స్ ఫెస్టివల్‌లో పెద్ద బహుమతి తెచ్చుకుంది. తండ్రి పోయాక పది రోజుల మైల పట్టడానికి ఊరొచ్చిన అబ్బాయి, అక్కడే ఉండిపోయిన చిన్ననాటి స్నేహితుడు, వాళ్లిద్దరి మధ్య ప్రేమ. సాబర్ బోండ అంటే నాగజెముడు పండు. పాయల్ సినిమా నచ్చినవాళ్లు తర్వాత దీనికి వెళ్లొచ్చు.

ఎలా చూడాలి

థియేటర్లో దొరికితే థియేటరే. దొరకడమే కష్టం. మల్టీప్లెక్సులో ఇలాంటివి వారం ఆడితే గొప్ప, అదీ పొద్దున పదికో రాత్రి పదకొండుకో. కాబట్టి శుక్రవారం రాగానే చూసేయండి, వచ్చే వారం అనుకుంటే దొరకదు. బంజారాహిల్స్‌లోని సాంస్కృతిక వేదిక లామకాన్ 2010 నుంచి నడుస్తోంది, అక్కడ వేసే స్క్రీనింగుల మీద కన్నేసి ఉంచండి. రవీంద్రభారతి పైన పైడి జైరాజ్ పేరుతో ప్రివ్యూ థియేటర్ ఉంది. ఈ జైరాజ్ కరీంనగర్‌లో పుట్టి హిందీ సినిమాల్లో హీరో అయ్యి, 1980 ఫాల్కే అవార్డు అందుకున్నవాడు. ఇక్కడ ప్రివ్యూలకు వచ్చే కొత్త దర్శకుల్లో చాలామందికి ఆ సంగతి తెలియదు.

ఇంట్లో చూస్తే మూడు జాగ్రత్తలు. కూలర్ ఆపండి, వినోద్‌రాజ్ సినిమాలో సగం కథ చెప్పులు మట్టిలో చేసే చప్పుడే. పాయల్ సినిమా పగలు చూడకండి, కిటికీ వెలుతురు పడితే ఆ నీలం రంగు రాత్రులు బూడిద రంగులోకి మారతాయి. ఫోను ఇంకో గదిలో పెట్టండి. ఈ మూడోది చెప్పడం తేలిక, నేనూ ప్రతిసారీ పాటించను.

సబ్‌టైటిల్స్ ఎక్కువగా ఇంగ్లిష్‌లోనే దొరుకుతాయి, ఇంట్లో పెద్దవాళ్లతో చూడాలంటే అదే పెద్ద అడ్డంకి. అలాంటప్పుడు మాటలు తక్కువున్నవి ఎంచుకోండి. గామక్ ఘర్ చూపులతోనే అర్థమవుతుంది. కూళాంగల్ కూడా అంతే, కాకపోతే పైన చెప్పిన హెచ్చరిక మరవకండి. కోర్ట్ అలా కుదరదు, అందులో మాటే ప్రాణం.

ఇంకా తేల్చుకోలేకపోతే నన్ను నమ్మి ఇలా చేయండి. సినిమా కథ ముందుకు పోతూ ఉండాలి అనుకుంటే కూళాంగల్. మనుషులు నచ్చితే చాలు కథ ఎలా పోయినా పర్లేదనుకుంటే పాయల్. ఆఫీసు, ప్రభుత్వం, వ్యవస్థ మీద కోపం ఉంటే కోర్ట్. ఈ మధ్యనే ఊరి ఇల్లు అమ్మేసి ఉంటే గామక్ ఘర్ కొన్నాళ్లు ఆపండి. ఒకటి చూశాక వెంటనే ఇంకొకటి మాత్రం పెట్టకండి, కనీసం ఒక రాత్రి గడవనివ్వండి.

మా ఆఫీసు కుర్రాడి సంగతి. నెల తర్వాత బతిమాలి కూళాంగల్ చూడమన్నాను. డెబ్భై అయిదు నిమిషాలే కదా, నచ్చకపోతే బిర్యానీ నేను పెట్టిస్తానన్నాను. ఆదివారం రాత్రి పదకొండున్నరకు మెసేజ్ వచ్చింది: “అన్నా, ఆ పిల్లాడు ఇంటికెళ్లి నోట్లోంచి తీసి పెట్టిన చోట ఇంకా రాళ్లున్నాయి కదా, నువ్వు లెక్కపెట్టావా?”

లెక్కపెట్టలేదు. లేచి మళ్లీ సినిమా పెట్టాను.